రంగు, గుడ్డ, గోడ: ఒకే చేతి పని

చిత్తూరు, తిరుపతి వైపు పద్యనాటకాల కాలం ఎరిగినవాళ్ళకు మేకప్పు మేస్త్రీ ఎవరో చెప్పనక్కరలేదు. ధర్మరాజు ముఖానికి రంగు వేసేది ఆయనే. కిరీటం అతికేది, ద్రౌపది చీరకు జరీ అంచు కుట్టేది, దర్బారు తెర చిరిగితే అతుకు వేసి మళ్ళీ రంగు అద్దేది కూడా ఆయనే. ముగ్గురిని పెట్టుకునే తాహతు కంపెనీలకు లేక అట్లా జరిగింది. దానివల్ల కళకు మాత్రం గొప్ప మేలు కలిగింది. ముఖం మీది రంగు, ఒంటి మీది గుడ్డ, వెనకాల గోడ ఒకే కంటి కింద తయారయ్యేవి. ఇప్పుడు సినిమాలో అవి మూడు శాఖలు, మూడు బడ్జెట్లు. ఆ మూడింటినీ కలిపి చూడగల మనిషి పనిచేసిన సినిమా మొదటి షాటులోనే తెలిసిపోతుంది. ఆ పాత చేతిపని ఎట్లా సాగేదో ఆ కాలం చూసినవాళ్ళు మళ్ళీ తలుచుకోవాలని, ఈ పనిలోకి కొత్తగా వచ్చేవాళ్ళకు కొంత ఉపయోగపడాలని ఈ నాలుగు మాటలు.

మేస్త్రీ రేకుపెట్టెలో ఉండేవి తక్కువే. పసుపు రంగు అర్దళం, ముర్దాసింగి, తెల్లటి సఫేదా, ఎర్రటి ఇంగిలీకం అనే పొడులు, కాటుక భరిణె, కొబ్బరినూనె, దూది, రెండు మూడు కుంచెలు. అర్దళాన్ని సానరాయి మీద నూనెతో వెన్నపూస అయ్యేదాకా నూరాలి. గరుకు మిగిలితే చెంప మీద గీతలు పడతాయి. ముఖం కడిగి, తడి పూర్తిగా ఆరాక పలచగా నూనె రాసి, దాని మీద రంగు. నూనె ఎక్కువైతే మొదటి అంకంలోనే చెమటతో పాటు జారి చొక్కా మెడకు అంటుతుంది. తక్కువైతే నవ్వినప్పుడు కళ్ళ పక్కన పగుళ్ళు పడతాయి. చెవులు, మెడ వెనక భాగం, ముంజేతులు మరిచిపోతే పసుపుపచ్చటి ముఖానికి నల్లటి చెవులు కనిపిస్తాయి. ఆ పసుపు ఛాయ వెనక లెక్క ఉంది. పెట్రోమాక్సు వెలుతురులో మామూలు ఒంటిరంగు వెనకున్న చీకట్లో కలిసిపోతుంది. పసుపు, ఎరుపు ఆఖరి వరసలో చాప మీద కూర్చున్నవాళ్ళకు కూడా అందుతాయి.

ఎంత మమకారం ఉన్నా ఆ పెట్టెను మళ్ళీ తెరవకూడదు. అర్దళంలో ఆర్సెనిక్ ఉంటుంది, ముర్దాసింగిలో సీసం, ఇంగిలీకంలో పాదరసం. రాత్రంతా ముఖాన పెట్టుకుని పద్యాలు పాడిన నటుల చర్మం ఏమైపోయి ఉంటుందో తలుచుకుంటే బాధేస్తుంది. ఈ రోజు అదే ఛాయ కావాలంటే జింక్ ఆక్సైడ్, ఐరన్ ఆక్సైడ్ రంగులతో చేసిన స్టిక్కులు చాలు.

కిరీటం పనికి మాత్రం ఇప్పటికీ ఆ పాత పద్ధతిని మించింది లేదు. ముందు నటుడి తల కొలత తీసి, లోపల గుడ్డ మెత్త కోసం చుట్టూ అర అంగుళం కలిపి, మట్టితోనో కొయ్యతోనో అచ్చు చేస్తారు. మొదటి పొర జిగురు లేకుండా ఉత్త నీళ్ళతో తడిపిన కాగితం. అచ్చు నుంచి ఊడి రావాలంటే ఇది తప్పనిసరి. తరువాత చింతగింజల జిగురు. గింజలు వేయించి, పొట్టు తీసి, రాత్రంతా నానబెట్టి, రుబ్బి, నీళ్ళలో కలిపి చిక్కటి గంజి అయ్యేదాకా ఉడికించాలి. పురుగు పట్టకుండా చిటికెడు మైలుతుత్తం వేస్తారు. అదీ విషమే కాబట్టి ఆ గిన్నె వంటింట్లోకి రాకూడదు. కాగితాన్ని కత్తిరించకూడదు, చింపాలి. చింపిన అంచు పలచగా ఉండి పక్క ముక్కతో కలిసిపోతుంది, కత్తిరించిన అంచు ఎంత రుద్దినా మెట్టు మాదిరి కనిపిస్తుంది. ఒక పొర దినపత్రిక, మీది పొర గోధుమరంగు కాగితం వేసుకుంటూ పోతే ఎక్కడ పొర తప్పిందో కంటికే తెలుస్తుంది. 8 నుంచి 10 పొరలు, రెండేసి పొరలకు ఒకసారి ఆరబెట్టాలి. అదీ నీడలోనే. మన వైపు మే నెల ఎండలో పెడితే పైపొర ముందు ఎండి ముడుచుకుంటుంది, లోపొర ఇంకా తడిగానే ఉంటుంది, కిరీటం ఒక పక్కకు ఒరిగిపోతుంది. దాన్ని తరువాత సరిచేయడం ఎవరి తరమూ కాదు.

ఆరాక బ్లేడుతో వెనక నిలువుగా కోసి, అచ్చు తీసి, మళ్ళీ అతికి, అడుగున ఇనుపతీగ వలయం బిగిస్తారు. సుద్దపొడి, జిగురు కలిపిన ముద్దను గోరింటాకు కోనులో పోసి లతలు, ముత్యాల వరసలు గీసి, వాటి మీద బంగారు బేగడ అంటిస్తారు. లోపలివైపు లక్కపూత వేయకపోతే చెమటకు కాగితం మెత్తబడి నాలుగో ఆటకే కిరీటం సాగుతుంది. బరువు ముప్పావు కిలో దాటనివ్వరు. కిలో దాటిన కిరీటం పెట్టుకున్న నటుడు మెడ తిప్పడం మానేస్తాడు, అది నటనలో దొరికిపోతుంది. నాటకానికి అద్దం ముక్కలు ఎన్ని ఉంటే అంత శోభ. అదే కిరీటం కెమెరా ముందుకు వస్తే ప్రతి అద్దం ముక్కా ఒక దీపమై కంట్లో పొడుస్తుంది. వాటి మీద సబ్బునో మైనమో పలచగా రుద్ది మెరుపు చంపాలి. వీధినాటకానికి, సినిమాకు మధ్య తేడా అంతా ఆ సబ్బుముక్కలో ఉందంటే తప్పులేదు.

మన ప్రాంతపు సొత్తు ఇంకొకటి ఉంది, జుట్టు. తిరుమల కల్యాణకట్టలో భక్తులు ఇచ్చే తలనీలాలను పొడవుల వారీగా వేరుచేసి దేవస్థానం వేలం వేస్తుంది. ప్రపంచంలో ఎక్కడెక్కడి విగ్గుల్లోనో ఆ జుట్టు ఉంటుంది. విగ్గు పని తెలిసినవాళ్ళు జుట్టును చేతిలోకి తీసుకోగానే ముందు చూసేది కుదురు ఎటు, కొస ఎటు అని. వెంట్రుక మీద కంటికి కనిపించని పొలుసులు కుదురు నుంచి కొసవైపు వాలి ఉంటాయి. అన్ని వెంట్రుకలూ ఒకే దిక్కున ఉంటే దువ్వెన జారుతుంది. తలకిందులుగా కలిసిపోతే పొలుసులు ఒకదానికొకటి పట్టుకుని ఉండలు కడతాయి. అట్లా కలిసిన జుట్టును యాసిడ్ నీళ్ళలో ముంచి పొలుసులు తీసేసి, సిలికాన్ పూత పూసి అమ్ముతారు. కొత్తలో అందంగానే ఉంటుంది, లైటు కింద ప్లాస్టిక్ మెరుపు వస్తుంది. నాలుగు తలంట్లకు పూత పోయి పీచవుతుంది. అందుకే కోసేముందే జడగా కట్టి ఉన్న జుట్టుకు అంత విలువ.

విగ్గుకు తల చుట్టుకొలత, నుదురు నుంచి మెడ గుంట వరకు, నడినెత్తి మీదుగా చెవి నుంచి చెవికి, తల వెనకగా కణత నుంచి కణతకు కొలతలు కావాలి. సన్నటి వల మీద కొక్కెం సూదితో ముడులు వేస్తారు. నుదుటి అంచున ముడికి ఒకే వెంట్రుక, కొంచెం వెనక్కు రెండు, నడినెత్తి దాటాక మూడు నాలుగు. అంచున కూడా గుత్తులుగా వేస్తే క్లోజప్పులో నుదుటి మీద టోపీ పెట్టినట్టే ఉంటుంది. అంటించేటప్పుడు గమ్ము రాసి వెంటనే నొక్కకూడదు. వేలికి జిగటగా తగిలేదాకా ఆగి, తడి గుడ్డతో అద్దాలి. వేలితో నొక్కితే వల కన్నాల్లోంచి గమ్ము పైకి వచ్చి లైటుకు మెరుస్తుంది. గడ్డం అతికేటప్పుడు నటుడి నోరు కొంచెం తెరిపించి ఉంచాలి. మూసిన నోటికి అతికిన గడ్డం మొదటి పద్యానికే పెదవి మూలల దగ్గర లేచిపోతుంది.

రంగుల బడి మనకు ఇంకోటి ఉంది, తిరుపతి తాతయ్యగుంట గంగమ్మ జాతర. అక్కడ వేషం అంటే మొక్కు. నటన అనే మాట దానికి వాడకూడదు. ఒళ్ళంతా నామకొమ్ము అనే తెల్లసుద్ద పూసుకున్న బైరాగి వేషంలో తెలుపు, బండ వేషంలో కుంకుమ ఎరుపు, బొగ్గుపొడి పూసుకునే తోటి వేషంలో నలుపు. దుర్మార్గుడైన పాలెగాడిని చంపడానికి గంగమ్మ రోజుకొక వేషంతో వెతుకుతూ తిరిగిన కథ ఆ రంగులే చెబుతాయి. రంగులతో పనిచేసేవాళ్ళు అక్కడ నేర్చుకోగలిగింది చాలా ఉంది. నామకొమ్ము తడిగా ఉన్నప్పుడు బూడిదరంగులో కనిపించి ఆరాక తెల్లబడుతుంది. తెలుపు చాలలేదని తొందరపడి రెండో పూత వేస్తే మోచేతుల దగ్గర పెచ్చులు లేస్తుంది. బొగ్గుపొడి ఉత్త చర్మం మీద నిలవదు, కింద నూనె పూత ఉండాలి. కడిగేటప్పుడు ముందు నూనె, తరువాత శనగపిండి.

మొక్కు తీర్చుకోవడానికి మగవాళ్ళు చీర కట్టుకుని ఆడవేషం వేస్తారు కద, అందులో సినిమాకు పనికొచ్చే రహస్యం ఒకటుంది. గడ్డం ఎంత నున్నగా గీసినా చర్మం కింద నీలినీడ కనిపిస్తుంది. దాని మీద పౌడరు ఎంత అద్దినా బూడిదరంగు అవుతుంది తప్ప పోదు. ముందు ఆ నీడ ఉన్నంతమేర నారింజ ఛాయ ఎరుపు పలచగా వేసి, దాని మీద ఒంటిరంగు వేస్తే నీలం చచ్చిపోతుంది. నడుము దగ్గర తువ్వాలు చుట్టి తుంటి ఎత్తు తెచ్చాకే కుచ్చిళ్ళు పోయాలి. లేకపోతే చీర పీపాకు చుట్టినట్టు నిలువుగా పడిపోతుంది. జాతర చివర గుడి ముందు లేచే అమ్మవారి మట్టి విశ్వరూపం ఉంది చూడండి, దూరం నుంచి, ఆ జనంలోంచి చూసినా కళ్ళు మన మీదే ఉన్నట్టు ఉంటాయి. తెల్లగుడ్డు పెద్దదిగా, నల్లగుడ్డు చుట్టూ తెలుపు అంతటా కనిపించేలా దిద్దడమే దాని వెనక ఉన్న పనితనం.

ఇక్కడి నుంచి మద్రాసు రైలుకు మూడు నాలుగు గంటల దూరం. చిత్తూరు రామవిలాస సభ నాటకాల నుంచి వెళ్ళి, 1938లో ‘గృహలక్ష్మి’తో తెరకెక్కి, ఊరి పేరునే ఇంటిపేరుగా మార్చుకున్న నాగయ్య గురించి తెలియనివారు ఉండరు. నటులతో పాటు ఎందరో చేతిపనివాళ్ళు కూడా మద్రాసులో స్టూడియోలున్న కోడంబాకం దారి పట్టారు. అక్కడికి పోయాక వాళ్ళు మొదట మరిచిపోవలసి వచ్చింది రంగునే. నలుపు తెలుపు ఫిల్ముకు ఎర్ర రవికె, ఆకుపచ్చ చీర కలిసి ఒకే బూడిద ముద్దగా పడవచ్చు. అందుకని ముదురు తేనెరంగు గాజుబిళ్ళలోంచి చూసి, రెండూ విడివిడిగా తేలుతున్నాయో లేదో పరీక్షించేవాళ్ళు. తెల్ల పంచె కూడా అట్లాగే వాడకూడదు. లైటుకు అది వెలిగిపోయి ముఖాన్ని మింగేస్తుంది. టీ నీళ్ళలోనో లేత నీలంలోనో ముంచి తీస్తేనే తెరమీద తెల్లగా కనిపిస్తుంది. 1957లో వచ్చిన ‘మాయాబజార్’కు కళా దర్శకత్వం గోఖలే, కళాధర్‌లది, కెమెరా మార్కస్ బార్ట్‌లేది. అందులో నగలు, జరీ అంచులు, స్తంభాల నగిషీ బూడిదరంగులోనే ఎంత విడివిడిగా, ఎంత వెలుగుతో కనిపిస్తాయో ఆగి చూడండి. రంగు లేకుండా వైభవం చూపించడం అంటే అది.

రంగు ఫిల్ము వచ్చాక కృష్ణుడి నీలం పెద్ద పరీక్ష. పల్లెల్లో జనరేటరు మీద షూటింగు జరిగేటప్పుడు వోల్టేజి తగ్గితే బల్బు వెలుతురు ఎర్రబడుతుంది, నీలం వడలి బూడిదైపోతుంది. నీలంలో తెలుపుతో పాటు కొంచెం వంగరంగు కలిపితే ఆ వడలడం తగ్గుతుంది. తరువాత పట్టు పీతాంబరం అంచులకు నీలం అంటుకుని ఆకుపచ్చ మరకలు పడతాయి. నడుము దగ్గర, మెడ దగ్గర లోపలివైపు విడిగా ఊడదీయగల గుడ్డపట్టీ కుడితే ప్రతి పూటా దాన్ని మార్చుకోవచ్చు. ఇక మూడోది గోడ. నీలం ఒంటి వెనక నీలాకాశపు తెర పెడితే స్వామి తల ఆకాశంలో కరిగిపోతుంది. ఇటుకరంగో పసుపో వెనక ఉంటే ముందుకు వస్తాడు. మేకప్పుమేన్ ఒకచోట, కాస్ట్యూమరు ఒకచోట, సెట్టువాళ్ళు ఇంకోచోట ఉండి ఎవరి పని వాళ్ళు చక్కగా చేసినా ఈ మూడూ సెట్టు మీదనే మొదటిసారి కలిస్తే ఆ రోజు షూటింగు దండగ.

చారిత్రకాలకు కావలసిన పాఠం మన కళ్ళ ముందే ఉంది. తిరుమల గుడి మహాద్వారం దాటగానే ఇద్దరు దేవేరులతో చేతులు జోడించి నిలుచున్న కృష్ణదేవరాయల రాగి ప్రతిమను లక్షలమంది చూస్తారు. తల మీద కిరీటం ఉండదు, పొడుగాటి కుళ్ళాయి టోపీ ఉంటుంది. లేపాక్షి చిత్రాల్లోనూ అదే. రాయలకు మణులు పొదిగిన కిరీటం తగిలించే ముందు ఒక్కసారి ఆ ప్రతిమ ముందు నిలబడి చూస్తే చాలు. కుళ్ళాయి కుట్టడానికి బక్రం అనే బిరుసు గుడ్డను రెండు పొరలుగా గరాటులా చుట్టి, కొస దగ్గర సన్నటి వెదురు పుల్ల పెడతారు. పైగుడ్డను ఏటవాలుగా, క్రాసు కటింగులో తీయాలి. నిలువు పోగు మీద కత్తిరిస్తే గుడ్డ ముడతలు పడుతుంది. అతుకు వెనక్కు రావాలి. చంద్రగిరి రాజమహలులో నిలబెట్టి తీసే షాటుకు ఇంకో జాగ్రత్త కూడా ఉంది. ఆ సున్నపు గోడల వన్నె పాతబడిన దంతపు ఛాయ. దాని ముందు మెరిసే పాలియెస్టరు జరీ పెడితే రెండూ అబద్ధమవుతాయి.

అట్లాంటి చోట కాళహస్తి కలంకారీ గుడ్డ నిలబడుతుంది. కరక్కాయ, పాలల్లో నానిన నూలుగుడ్డ మీద ఇనుపముక్కలు, బెల్లం రెండు మూడు వారాలు పులియబెట్టిన కసిం నీళ్ళతో గీత గీస్తే, కరక్కాయ వగరుతో ఇనుము కలిసి నల్లగా తేలుతుంది. పటిక పూసిన చోట మంజిష్ఠ ఎరుపు పట్టుకుంటుంది. ఈ రంగులు వెలుతురును తాగుతాయి, తిరిగి కొట్టవు. కెమెరాకు అంతకన్నా ఏం కావాలి! ఆ కలానికి 2008లో జొన్నలగడ్డ గురప్పశెట్టి గారి ద్వారా పద్మశ్రీ కూడా దక్కింది. ఒక్కటే గుర్తుంచుకోవాలి. ఎండలో పసుపు త్వరగా వెలుస్తుంది. పది రోజుల ఔట్‌డోరు ఉంటే అదే తానులోంచి రెండో ముక్క మడిచి పెట్టెలో ఉంచాలి. అచ్చు వేసిన నకలు గుడ్డ తెర అంత పెద్దదిగా పరిస్తే ఒకే పువ్వు అడుగడుగుకూ తిరిగి వచ్చి పట్టిస్తుంది.

గోడల సంగతికి వస్తే, 8 అడుగులకు 4 అడుగుల ప్లైవుడ్ పలకలు, వెనక రీపర్లనే సన్నటి చెక్కపట్టీల చట్రం, పైన ప్లాస్టర్ ఆఫ్ పారిస్‌లో ముంచిన గోనెపట్ట, కొబ్బరిపీచు. ప్లాస్టరు గట్టిపడటానికి పది పదిహేను నిమిషాలు. నీళ్ళలో ఉప్పు ఉంటే ఇంకా తొందరగా బిగుస్తుంది, కొంచెం నిమ్మఉప్పు కలిపితే ఆలస్యమవుతుంది. ఉప్పునీటి బోరు ఉన్నచోట పని మొదలుపెట్టేముందు ఒక గిన్నెడు కలిపి చూసుకోవాలి. గుడి స్తంభాలకు థర్మాకోల్ చెక్కితే దాని మీద నేరుగా స్ప్రే పెయింటు కొట్టకూడదు. అందులోని ద్రావకం థర్మాకోల్‌ను కరిగించి గుంటలు చేస్తుంది. ముందు పాత ధోవతి ముక్కలు ఫెవికాల్‌తో అతికి, ఆరాకే రంగు వేయాలి.

కొత్తగోడను పాతగోడ చేయడంలో అసలు ప్రతిభ బయటపడుతుంది. ఊరికే మట్టినీళ్ళు చల్లితే మురికిగోడ అవుతుంది తప్ప పాతది కాదు. మన పల్లెల్లో ఇల్లు ఎట్లా పాతబడుతుంది? వాన చినుకు నేల మీద పడి చిమ్మడం వల్ల అడుగు, అడుగున్నర ఎత్తు వరకు ఎర్రమట్టి మరక. కిటికీ మూలల కింద నీళ్ళు కారిన చారలు. దీపపుగూటి పైన నాలుక ఆకారంలో మసి. అరుగు మీద మనుషులు ఆనుకుని కూర్చునే చోట నూనె జిడ్డు, తలలు ఆనే ఎత్తులోనే. గడప పక్కన చెయ్యి పెట్టే చోట సున్నం అరిగి కింది మట్టి. ఆ ఇంట్లో మనిషి చొక్కా కూడా అదే లెక్కన పాతబడాలి. కాలరు మడత, జేబు అంచు, మోచేతులు ముందు పోతాయి. గరుకు కాగితం అక్కడే రుద్దాలి. నూలు చొక్కాకు 10 లీటర్ల నీళ్ళలో 150 గ్రాముల టీపొడి పావుగంట మరిగించి వడకట్టి, గుప్పెడు ఉప్పు వేసి, అరగంట ముంచి తీస్తే చాలు. తడిగా ఉన్నప్పుడు ముదురుగా కనిపిస్తుంది. ఆరాక ఒక ఛాయ తగ్గుతుందని గుర్తుపెట్టుకోవాలి. పాలియెస్టరు కలిసిన గుడ్డకు టీ పట్టదు. ఫైటు సీను ఉంటే అదే చొక్కా కనీసం నాలుగు, నాలుగూ ఒకే తొట్టిలో ఒకేసారి ముంచినవే కావాలి.

ధర్మరాజుల గుళ్ళ దగ్గర జరిగే భారతం ఉత్సవంలో ఈ పనులన్నీ ఒకేచోట చూడవచ్చు. పగలు హరికథ, రాత్రి నాటకం, తపస్సు మాను అనే పొడవాటి స్తంభం ఎక్కే అర్జునుడు, చివర దుర్యోధన వధ. మట్టితో నేల మీద పడుకోబెట్టినట్టు చేసే ఆ దుర్యోధనుడు ఊరిని బట్టి 30, 40 అడుగులు కూడా ఉంటాడు. మట్టిని పొరపొరగా తడిపి తొక్కి, కావి, సున్నం, మసితో దిద్దుతారు. తొడ దగ్గర ఎర్రనీళ్ళ కుండ. పసుపు నీళ్ళలో సున్నం కలిపితే వచ్చే ఎరుపు అది, పైసా ఖర్చు లేని నెత్తురు. పాత నాటకాల్లో గాయాలకూ అదే వాడేవాళ్ళు. అందులో చిక్కు ఒకటే. సున్నం బలం ఉన్నంతసేపే ఎరుపు. నిమ్మరసమో పులుసో తగిలితే మళ్ళీ పసుపవుతుంది. సున్నం ఎక్కువైతే కళ్ళు, చర్మం మండుతాయి కాబట్టి ముఖానికి వాడకూడదు. రంగు కెమెరాకు అది నారింజగా తేలుతుంది. చిక్కటి గ్లూకోజు పాకంలో ఆహారపు ఎరుపు రంగు, కొంచెం కోకో పొడి, ఒక్క చుక్క నీలం కలిపితే తెర మీద నిజమైన నెత్తురు ముదురు వస్తుంది. కానీ ఆ పాకానికి చీమలు పడతాయి. దుస్తులను ఆ రాత్రే చన్నీళ్ళలో జాడించాలి, వేడినీళ్ళు పోస్తే మరక గుడ్డలో స్థిరపడుతుంది. పసుపు సున్నం మరకకైతే సబ్బు పెట్టకముందే నిమ్మరసం పిండి, పసుపుగా మారాక ఎండలో వేయాలి. ముందే సబ్బు పెడితే దాని క్షారానికి మరక మళ్ళీ ఎర్రబడి, తెల్లారి అదే ద్రౌపది చీర కట్టవలసిన పిల్లకు కట్టడానికి చీర ఉండదు.